మూడు రోజుల చదువు

ఆరాలు తీయడంలో మనకున్న ఓపిక ఇంతా అంతా కాదు. పిల్లకి సంబంధం చూడాలంటే అటేడు తరాలూ ఇటేడు తరాలూ తవ్విపోస్తాం. పనమ్మాయిని పెట్టుకోవాలంటే ఇంతకు ముందు ఎవరింట్లో చేసింది, ఎందుకు మానేసింది, మొగుడు తాగుతాడా అన్నవన్నీ గుమ్మంలోనే తేల్చుకుంటాం. పాలవాడు పోసిన పాలలో నీళ్ళెన్నో గిన్నె వంచి మరీ చూస్తాం. కానీ పద్దెనిమిది టన్నుల వంటగ్యాసు వెనకాల కట్టుకుని అర్ధరాత్రి మన ఊరి పక్కనుంచి వెళ్ళే మనిషికి ఆ పని ఎవరు నేర్పారు, ఎన్నాళ్ళు నేర్పారు అని మాత్రం ఒక్క ఇల్లాలూ అడగదు.

ఆ బండి బోల్తా పడిన మర్నాడు మాత్రం మనకి అన్నీ తెలిసిపోతాయి. పేపర్లో ఒకే ఒక్క వాక్యం ఉంటుంది - "డ్రైవరు నిర్లక్ష్యమే కారణమని తెలుస్తోంది." అది చదివి, "తాగి నడిపుంటాడు, చదువూ సంధ్యా లేని వెధవ!" అనేసి పేజీ తిప్పేస్తాం. విచారణ అయిపోయింది, తీర్పూ అయిపోయింది. చేతిలో కాఫీ ఇంకా చల్లారను కూడా లేదు.

ఆ తీర్పు మీదే నా పోట్లాట.

అసలు అతను మోసుకొచ్చేది ఎవరి కోసమో ముందు చూద్దాం. మన వంటింట్లో సిలిండరులో ఉండే గ్యాసు 14.2 కిలోలు. పద్దెనిమిది టన్నుల ట్యాంకరంటే పన్నెండు వందల అరవై పైచిలుకు సిలిండర్లు ఒక్కచోట పేర్చినట్టు లెక్క. చర్లపల్లికో కొండపల్లికో ఆ ట్యాంకర్లు చేరితేనే, అక్కడ సిలిండర్లు నిండితేనే, మన పొయ్యి మీద పప్పు ఉడుకుతుంది. గ్యాసొక్కటేనా? మున్సిపాలిటీ నీళ్ళలో కలిపే క్లోరిను లారీలో వస్తుంది. కోల్డు స్టోరేజీల్లోనూ ఐసు ఫ్యాక్టరీల్లోనూ వాడే అమ్మోనియా లారీలో వస్తుంది. బాత్‌రూము కడుక్కునే యాసిడ్డూ, ఇన్వర్టరు బ్యాటరీలో పోసే యాసిడ్డూ, స్కూటర్లో పోసే పెట్రోలూ, దీపావళికి శివకాశి నుంచి దిగే టపాకాయలూ - అన్నీ ఎవరో ఒక డ్రైవరు నిద్ర మానుకుని తెస్తేనే మనకి అందుతున్నాయి. అతను ప్రమాదకరమైన సరుకు తోలుతున్నాడంటే, ప్రమాదకరమైన సరుకు మనం తెప్పించుకుంటున్నామన్నమాట.

మరి అతనికి ప్రభుత్వం పెట్టిన షరతులేమిటి? నవలలు రాసుకునేదానికి మోటారు చట్టాలతో ఏం పనమ్మా అని మీరు నవ్వుకోవచ్చు. నవ్వుకోండి గాని, ఈ రెండు ముక్కలూ వినండి.

1984 డిసెంబరులో భోపాల్లో విషవాయువు అన్ని వేల ప్రాణాలు తీసిన నాలుగేళ్ళకి, 1988లో కొత్త మోటారు వాహనాల చట్టం వచ్చింది. మరుసటేడు, 1989లో, దాని కింద కేంద్ర నిబంధనలు వచ్చాయి. అందులో తొమ్మిదో నిబంధన ఈ డ్రైవర్ల గురించే. మామూలు లారీ లైసెన్సొక్కటే ఉంటే చాలదు. రాజ్యాంగంలో చెప్పిన భారతీయ భాషల్లో ఒక్కటైనా, దానితోపాటు ఇంగ్లీషూ చదవడం రాయడం రావాలి. ప్రభుత్వం గుర్తించిన శిక్షణ కేంద్రంలో మూడు రోజులు చదివి, పాసై, సర్టిఫికెట్టు తెచ్చుకోవాలి. అది చూపిస్తే రవాణాశాఖవాళ్ళు లైసెన్సులో ఆ సంగతి నమోదు చేస్తారు. అప్పుడే అతను ఆ బండి ఎక్కాలి.

ఆ మూడు రోజుల్లో నేర్పవలసినవాటి పట్టీ చూస్తే నాకు నిజంగా ముచ్చటేసింది. రాత్రిపూట నడపడం, రైల్వే గేటు దాటడం, బ్రేకు వేశాక బండి ఎంత దూరం పోయి ఆగుతుందో లెక్క కట్టడం. సరుకు మండేదా, విషమా, ఒళ్ళు కాల్చేదా గుర్తుపట్టడం. లీకైతే ఏ వాల్వు తిప్పాలి, మంట ఎలా ఆర్పాలి, గాయపడ్డవాళ్ళకి ఏం చెయ్యాలి. ఆఖరికి, ఒలికిన సరుకు పక్కనున్న బావిలోకీ చెరువులోకీ పోకుండా ఎలా అడ్డుకట్ట వెయ్యాలన్నది కూడా ఉంది. రాసినవాళ్ళు బుద్ధిమంతులే. కాగితం మీద ఇంతకంటే ఏం కావాలి?

కాగితం దిగి కింద చూస్తేనే ఉంది అసలు సంగతి.

మా వెనక వీధిలో ఒక ట్యాంకరు డ్రైవరు కుటుంబం ఉంది. అతని భార్య అప్పుడప్పుడు పాత వారపత్రికల కోసం మా ఇంటికి వస్తుంటుంది. వాళ్ళాయన ఆ క్లాసుకి వెళ్ళొచ్చాడంటే ఏం నేర్పారో చెప్పమన్నాను.

"ఏం క్లాసండీ అమ్మగారూ! మూడ్రోజులు బండెక్కలేదు, మూడ్రోజుల బత్తా పోయింది. ఫీజూ మేవే కట్టుకున్నాం. గోడ మీద బొమ్మలేశారంట, మాటలన్నీ ఇంగ్లీషేనంట. పక్కనున్నాయన చెబుతుంటే అందరూ టిక్కులు పెట్టేసొచ్చారంట" అంది.

"మరి వాల్వు తిప్పి చూపించలేదూ?" అన్నాను.

"కుర్చీలున్న గదిలో వాల్వెక్కడిదండీ?" అని నవ్వింది.

ఆ కేంద్రం పేరు నాకనవసరం. అన్నిచోట్లా ఇలాగే ఉంటుందని కూడా అనను. శ్రద్ధగా, చేతికి పని ఇచ్చి నేర్పేవాళ్ళూ ఉంటారు. కానీ "కుర్చీలున్న గదిలో వాల్వెక్కడిది" అన్న మాటకి జవాబు చెప్పవలసింది ఆ డ్రైవరు కాదు. బాధ్యత ఉన్నవాళ్ళు చెప్పాలి.

ముందు భాష సంగతి చూడండి. ఇంగ్లీషు వచ్చి ఉండాలనడంలో కొంత అర్థం లేకపోలేదు. బండి మీద రాసే గుర్తులూ, సరుకు వివరాల కార్డూ ఇంగ్లీషులో ఉంటున్నాయి గనక. సరే, వచ్చి ఉండాలన్నారు, మరి నేర్పేదెవరు? మామూలు లారీ డ్రైవరు ఎనిమిదో తరగతి పాసవ్వాలన్న నిబంధనని 2019లో తీసేశారు. మంచిదే, బీదవాళ్ళకి ఉపాధి దొరుకుతుంది. కానీ అదే మనిషి గ్యాసు బండి ఎక్కేసరికి ఇంగ్లీషు ఎక్కణ్ణుంచి ఊడిపడుతుంది? ఇంగ్లీషు రాకపోవడం తెలివిలేకపోవడం కాదు. దాబాల్లో హిందీ, లోడింగు దగ్గర తమిళం, చెక్‌పోస్టులో ఒరియా మాట్లాడి పని జరుపుకొచ్చే మనిషికి నాలుగు ఇంగ్లీషు గుర్తులు నేర్పలేమా? తెలుగులో పాఠం చెప్పి, ఆ బోర్డు మీదుండే అక్షరాలూ అంకెలూ మాత్రం ఇంగ్లీషులో గుర్తుపట్టించడానికి పెద్ద పాండిత్యం అక్కర్లేదు. పాఠం మొత్తం అర్థంకాని భాషలో చెప్పి, ఆఖర్న సంతకం పెట్టించుకుంటే అది శిక్షణ కాదు. రేపు ఏదైనా జరిగితే "మేం చెప్పాం, అతనే వినలేదు" అనడానికి ముందుగా రాయించుకున్న కాగితం.

ఇక రోజుల సంగతి. బ్యుటీషియను కోర్సుకి నెలలు పడుతుంది. బి.ఎడ్.కి ఏళ్ళు పడుతుంది. పద్దెనిమిది టన్నుల గ్యాసుకి మూడు రోజులు! పోనీ ఆ మూడు రోజులూ చేతులతో నేర్చుకునే మూడు రోజులైనా కావాలి కదా. ఎందుకంటే ట్యాంకరు నడపడం లారీ నడపడం ఒకటి కాదు. ఈ తేడా మనకి చెప్పక్కర్లేదు. నీళ్ళ బిందె చంకనెత్తుకున్న ప్రతి ఆడదానికీ తెలుసు. నిండుకుండ తొణకదు. సగం బిందెతో మలుపు తిరిగితే నీళ్ళు ఒక పక్కకి కొట్టి మనల్ని కూడా అటే లాగుతాయి. ట్యాంకరులో సరుకూ అంతే. లారీలో బియ్యం బస్తాలు కట్టిన చోటే కూర్చుంటాయి. ద్రవం అలా కాదు, బ్రేకు వేస్తే ముందుకి దూకుతుంది, మలుపులో పక్కకి ఒరుగుతుంది, చక్రాలు ఆగినా అది ఆగదు. పోనీ గ్యాసు ట్యాంకరుని నిండా నింపుదామా అంటే, అది ఇంకా ప్రమాదం. ఎండకి సరుకు ఉబ్బుతుంది, దానికి చోటు వదలాలి. అంటే గ్యాసు ట్యాంకరు డ్రైవరు ఎప్పుడూ తొణికే కుండతోనే ప్రయాణం చెయ్యాలి. ఖాళీ పెట్రోలు ట్యాంకరైతే మరీ మోసం. లోపల పెట్రోలు లేదు గాని ఆవిరి ఉంటుంది, ఒక్క నిప్పురవ్వ చాలు. ఇవన్నీ గోడ మీద బొమ్మ చూస్తే వంటబడతాయా? ఈత పుస్తకంలో చదివి గోదాట్లో దిగమన్నట్టుంది.

ఇంకో ముచ్చట. 1988 చట్టం ప్రకారం ఈ అనుమతి ఏడాదికే. ఏడాది తిరగ్గానే ఒకరోజు క్లాసులో కూర్చుని పాత పాఠం మళ్ళీ నెమరు వేసుకుంటేనే కొనసాగిస్తారు. 2019 సవరణలో ఆ ఏడాదిని మూడేళ్ళు చేశారు. డ్రైవర్లకి ఆఫీసుల చుట్టూ తిరుగుడు తగ్గిందన్నారు. తిరుగుడు తగ్గితే సంతోషమే. కానీ పాఠం కూడా మూడేళ్ళకోసారే చాలా? ఏటేటా పెట్టే ఆవకాయకే ఆవపిండెంత, ఉప్పెంత అని అత్తగారిని అడిగో, పాత నోటుబుక్కు తిరగేసో కలుపుకుంటాం. ఎప్పుడోగాని రాని ఆపదలో, అదీ చీకట్లో, భయంతో చేతులు వణుకుతుండగా ఏ వాల్వు ఎటు తిప్పాలో మూడేళ్ళనాటి పాఠం గుర్తుంటుందా? కాగితం మూడేళ్ళకోసారి ఇవ్వండి, పాఠం మాత్రం ఏటా చెప్పండి. ఆ రెంటికీ ముడి ఎందుకు?

ఇంతకీ డ్రైవరొక్కడే చట్టానికి జవాబుదారీ అనుకుంటున్నారేమో, కాదు. సరుకు పంపే కంపెనీ దాని గుణం, అపాయం, ప్రమాదం జరిగితే చెయ్యవలసింది రాసి ఇవ్వాలి. బండి యజమాని ఆ డ్రైవరు శిక్షణ పొందినవాడో కాదో చూసుకోవాలి. ఆ కాగితం డ్రైవరు క్యాబిన్లో పెట్టుకోవాలి. ముగ్గురి మీదా బాధ్యత పెట్టింది చట్టం. పేపర్లో మాత్రం ఒక్కడి పేరే కనిపిస్తుంది.

1978 జూలై 11న స్పెయిన్ దేశంలో ఏం జరిగిందో చూడండి. ప్రొపిలీన్ అనే మండే వాయువుతో ఒక ట్యాంకరు బయల్దేరింది. అందులో పోయవలసింది 19 టన్నులు, పోసింది 23 టన్నుల పైన. టోలు కట్టవలసిన పెద్ద రోడ్డు మీద కాకుండా సముద్రం ఒడ్డునున్న పాత రోడ్డు మీద వెళ్ళింది. లాస్ అల్ఫాకెస్ అనే చోట, సెలవులకొచ్చిన కుటుంబాలు గుడారాలు వేసుకుని మధ్యాహ్నం భోజనాలు చేస్తున్న వేళ, పేలిపోయింది. రెండు వందల మందికి పైగా చనిపోయారు. డ్రైవరూ పోయాడు. నాలుగు టన్నులు ఎక్కువ పోసింది స్టీరింగు పట్టుకున్నవాడు కాదు కదా! అక్కడి కోర్టు కూడా ఆ మాటే అంది. కంపెనీల ఉద్యోగులకి శిక్షలు వేసింది. ఆ తరవాతే అటువంటి బండ్లు జనావాసాల మధ్యనుంచి వెళ్ళకుండా కట్టడి చేశారు.

అలాగని డ్రైవర్లందరూ దేవుళ్ళని నేను చెప్పడం లేదు. తాగి నడిపేవాడుంటే లైసెన్సు పీకెయ్యండి, జైల్లో పెట్టండి. కానీ 1961 నాటి మోటారు రవాణా కార్మికుల చట్టమే రోజుకి 8 గంటల పని అని అప్పట్లోనే చెప్పి ఉండగా, రాత్రీ పగలూ ఏకం చేసి సరుకు చేరవెయ్యమన్న యజమానినీ అదే బోనులో నిలబెట్టండి అంటున్నాను. నిద్ర చాలనివాడి రెప్పపాటుని నిర్లక్ష్యం అనడం మనకి తేలిక. ఆ నిద్ర ఎవరు తీసుకున్నారని అడగడమే కష్టం.

"ఇవన్నీ చేస్తే ఖర్చు పెరిగి, సిలిండరు ధర మళ్ళీ మన నెత్తినే పడుతుంది కదండీ" అని ఒక స్నేహితురాలు నాతో వాదించింది. ఇంటి లెక్కలు మనకి కొత్తా? వేసి చూద్దాం. మూడు రోజుల శిక్షణకి రోజుకి వెయ్యి రూపాయల చొప్పున కూలి, ఇంకో మూడు వేలు ఫీజు, మొత్తం ఆరు వేలనుకోండి. అది ఒక్క ట్రిప్పు మీదే వేసుకున్నా సిలిండరుకి అయిదు రూపాయలు దాటదు. ఆ మనిషి మూడేళ్ళలో వందల ట్రిప్పులు వేస్తాడు. అప్పుడు సిలిండరుకి పడేది పైసల్లో. కొత్తిమీర కట్ట దగ్గర బేరమాడి మిగుల్చుకునేపాటి కూడా కాదు. ఆ పైసలు మిగుల్చుకుందామని పద్దెనిమిది టన్నులతో చెలగాటమాడతామా?

అన్నట్టు, ఈ లైసెన్సు మగవాళ్ళ సొత్తేమీ కాదు. చట్టంలో ఆడవాళ్ళకి అడ్డేమీ లేదు. కేరళలో ఎం.కాం. చదివే ఒక అమ్మాయి పెట్రోలు ట్యాంకరు నడుపుతోందని 2021లో పేపర్లన్నీ ఫోటోలు వేసి మరీ రాశాయి. చదువుకున్న పిల్ల ఈ పని చెయ్యడం వింతగా తోచింది గనకే ఫోటో వేశారు. చదువుకున్నవాళ్ళు చెయ్యదగ్గ పని ఇది అని మనకి అనిపించిన నాడు ఆ వింత పోతుంది. డ్రైవరుకి ఇచ్చే జీతం, మర్యాద, దారిలో విశ్రాంతికి చోటు కూడా అప్పుడే మారతాయి.

ఇక మన వంతు. 2012 ఆగస్టులో కేరళలో కన్నూరు దగ్గర చాలా అనే చోట గ్యాసు ట్యాంకరు డివైడరుకి కొట్టుకుని బోల్తా పడింది. ఇరవై మంది చనిపోయారు. చాలామంది రోడ్డు మీదివాళ్ళు కాదు, చుట్టుపక్కల ఇళ్ళల్లోవాళ్ళు. 2017 జూన్‌లో పాకిస్తాన్లో బహావల్పూరు దగ్గర పెట్రోలు ట్యాంకరు పడిపోతే ఊరివాళ్ళు బిందెలూ డబ్బాలూ తీసుకుని పరిగెత్తారు. మంట లేచి రెండు వందల మందికి పైగా కాలిపోయారు. 2024 డిసెంబరులో జైపూరు దగ్గర గ్యాసు ట్యాంకరుని ఇంకో లారీ ఢీకొంటే, వెనక బస్సులో కూర్చున్నవాళ్ళు కూడా బలైపోయారు. కాబట్టి ఇది డ్రైవరు నేర్చుకుంటే చాలే పాఠం కాదు.

ఈసారి ట్యాంకరు కనిపిస్తే వెనకవైపు చూడండి. నిలువు చదరపు గుర్తులో మంట బొమ్మో, పుర్రె బొమ్మో ఉంటుంది. పక్కన నాలుగంకెల సంఖ్య ఉంటుంది. 1075 అంటే వంటగ్యాసు, 1203 అంటే పెట్రోలు, 1005 అంటే అమ్మోనియా, 1017 అంటే క్లోరిను. ఫోను నంబరు కూడా ఉంటుంది. అటువంటి బండి పడిపోతే చూడ్డానికి వెళ్ళకండి. ఆ అంకె దూరం నుంచే కనిపిస్తే 112కి ఫోను చేసి అది చెప్పండి. ఫైరింజనువాళ్ళకి అది సగం వైద్యం. వంటగ్యాసు గాలికన్నా బరువు, నేలబారున మురిక్కాలవల్లోకి పాకుతుంది. కాబట్టి పొయ్యి ఆర్పండి, స్విచ్చి వెయ్యనూ వద్దు తియ్యనూ వద్దు, పిల్లల్ని తీసుకుని గాలి వచ్చే వైపుకి దూరంగా నడవండి. ఇంట్లో సిలిండరు లీకైతే 1906కి ఫోను చెయ్యండి.

ఇంకొక్క మాట ముఖ్యంగా మీ ఇంట్లో మగవాళ్ళకి చెప్పండి. ప్రమాదం జరిగితే డ్రైవరు గాయపడ్డవాళ్ళకి సాయం చెయ్యాలంటుంది చట్టం. కానీ జనం ఆగ్రహం వల్ల వీల్లేకపోతే తప్ప అని కూడా అంటుంది. అంటే జనం కొడతారని చట్టం రాసినవాళ్ళకే తెలుసు! ట్యాంకులో ఏముందో, వాల్వు ఎక్కడుందో, కార్డు ఏ అరలో ఉందో తెలిసినవాడు ఆ క్షణంలో అతనొక్కడే. అతని మీదికి కర్రలు తీసుకుని వెళితే అతను పారిపోతాడు, అతనితోపాటు ఆ తెలివీ పోతుంది. తరవాత "డ్రైవరు పరారీ" అని మనమే రాసుకుంటాం.

మహిళా సంఘాలు ధరల మీద, సారా మీద ఊరేగింపులు చేశాయి, సాధించాయి. ఈ సంగతి కూడా చేతిలోకి తీసుకోవాలి. మనం అడగవలసినవి పెద్ద కోరికలేం కావు. పాఠం తెలుగులో చెప్పాలి. గుర్తులు ఇంగ్లీషులో నేర్పాలి. నిజం వాల్వు, నిజం మంట, నిజం ట్యాంకరు ముందు పెట్టి నేర్పాలి. ఆ మూడు రోజుల కూలీ ఫీజూ సరుకు పంపే కంపెనీ ఇవ్వాలి. పక్కన కూర్చునే క్లీనరుకి కూడా నేర్పాలి. ఏటా ఒకరోజు పాఠం మళ్ళీ చెప్పాలి. ప్రమాదం జరిగిన రోజున డ్రైవరు లైసెన్సుతోపాటు అతనికి సర్టిఫికెట్టిచ్చిన కేంద్రం రికార్డులూ, ట్యాంకు నింపినచోటి తూకం కాగితాలూ కూడా బయటపెట్టాలి.

అవన్నీ బయటికి వచ్చాక, అప్పుడు కూడా డ్రైవరుదే తప్పని తేలితే, సరే, అతన్నే తిడదాం. అందాకా "నిర్లక్ష్యం" అన్న ఆ ఒక్క మాటనీ కొంచెం జాగ్రత్తగా వాడదాం. ఏమంటారు?